జగదల్‌పూర్‌లో ఒక రాత్రి

(విశ్రాంత ఉద్యోగుల కుటుంబ సమ్మేళనంలో చేసిన ప్రసంగ పాఠం)



మన సంఘం కార్యదర్శి గారు ఫోన్ చేసి, "మీరు పాత స్నేహితులతో కలిసి మ్యూజియాలు తిరుగుతుంటారట కదా, ఒక రాత్రి బస ఉండేలా అలాంటి ప్రయాణం ఎలా వేసుకోవాలో అరగంట మాట్లాడండి" అన్నారు. సర్వీసులో ఉండగా నన్ను ఇలా ప్రత్యేకంగా పిలిచింది రికవరీ మీటింగులకే. అక్కడ నేను మాట్లాడింది తక్కువ, తిన్న చీవాట్లు ఎక్కువ. అందుకని ఈ అవకాశం వదులుకోదల్చుకోలేదు.

ముందు మా జట్టు గురించి చెప్పాలి. మేం ఐదుగురం. నేను, మా హెడ్ క్యాషియరు, ఆయన భార్య, మేడం, మా దఫ్తరీ. హెడ్ క్యాషియరుకూ నాకూ చుట్టరికం ఏమీ లేదు కానీ ముప్పై ఏళ్ళుగా ఒకరినొకరం బావా అనుకుంటున్నాం. ఆ లెక్కన ఆయన భార్య నాకు చెల్లెమ్మ. మేడం అంటే మా అందరికీ ఒక్కరే. ఫీల్డ్ ఆఫీసరుగా చేరి బ్రాంచి మేనేజరుగా రిటైరయ్యారు. మా దఫ్తరీ నాతో మూడు బ్రాంచీల్లో పనిచేశాడు. నేను అతన్ని తమ్ముడూ అంటాను. అతను నన్ను సారూ అంటాడు. రిటైరయ్యాక ఆ సారు మానమని ఎన్నిసార్లు చెప్పినా వినలేదు. అందరం భద్రాచలం, కొత్తగూడెం చుట్టుపక్కలే స్థిరపడ్డాం.

తీర్థయాత్రలకు బస్సులు వేసేవాళ్ళు వీధికొకరున్నారు. మాకు మ్యూజియాల పిచ్చి అంటించింది మేడం. ఆవిడ ఎల్.ఎఫ్.సి. పెట్టి ఏ ఊరు వెళ్ళినా ముందు అక్కడి మ్యూజియం చూసొచ్చి, తర్వాతే మిగతావి చూసేవారు. మేం లంచ్ టైములో ఆ కబుర్లు వినేవాళ్ళం. రిటైరయ్యాక "కబుర్లు చాలు, నడవండి" అన్నారు.

మొదటి ప్రయాణం హైదరాబాదు. ప్లాను నాదే. ఒక్కరోజులో మూడు మ్యూజియాలు: పొద్దున సాలార్‌జంగ్, మధ్యాహ్నం పురానీ హవేలీలో నిజాం మ్యూజియం, సాయంత్రం పబ్లిక్ గార్డెన్స్‌లో స్టేట్ మ్యూజియం. అక్కడ ఈజిప్టు మమ్మీ ఉంటుంది కదా, అది చూపిస్తానని చెల్లెమ్మకు మాటిచ్చాను. కొత్తగూడెంలో రాత్రి రైలెక్కి తెల్లారి దిగి, స్నానాలు, టిఫిన్లు కానిచ్చి, ఆటోల్లో సాలార్‌జంగ్ గేటు దగ్గర దిగితే తాళం. ఆ రోజు శుక్రవారం. మిగతా రెంటికీ సెలవు శుక్రవారమేనని గేటు దగ్గర మనిషి చెప్పాడు. ఏటా జనవరి ఒకటిన సెలవుల పట్టిక నా చేత్తో నేనే బ్రాంచి గోడకు అంటించేవాణ్ణి. అలాంటివాణ్ణి, వెళ్ళే చోటికి సెలవు ఎప్పుడో చూసుకోలేదు. బావ ఆ రోజంతా ఇంకేమీ అనలేదు కానీ, ప్రతి గంటకూ ఒకసారి "ఇవాళ శుక్రవారం కదూ" అన్నాడు.

అందుకని మొదటి మాట ఇదే. మ్యూజియం ప్రయాణానికి తేదీ రైలు టిక్కెట్టును బట్టి కాదు, సెలవును బట్టి పెట్టుకోవాలి. సాలార్‌జంగ్‌కు శుక్రవారం సెలవు. ఢిల్లీ నేషనల్ మ్యూజియానికి సోమవారం. నాగార్జునకొండ లాంటి పురావస్తు శాఖ మ్యూజియాలకు శుక్రవారం. అవి కాక పండగలు, జాతీయ సెలవులు ఉంటాయి. బయలుదేరే ముందు రోజు ఒక్క ఫోను చేస్తే తేలిపోతుంది.

ఆ రాత్రి అనుకోకుండా హైదరాబాదులో ఉండిపోవాల్సి వచ్చింది. అదే మేలైంది. శనివారం పొద్దున మూడు మ్యూజియాల ఆలోచన మేడం కొట్టేశారు. ఒక్క సాలార్‌జంగే చూశాం. 1951 డిసెంబరు 16న నెహ్రూ గారు ప్రారంభించిన మ్యూజియం అది. ఇప్పుడున్న భవనంలోకి 1968లో మారింది. వరసపెట్టి గదులు చూసుకుంటూ పోతే ఎనిమిదో గదికే మా కాళ్ళు ఒప్పుకోలేదు. బావ సంగీత గడియారం ముందు కూర్చుని, పదకొండు గంటలు కొట్టే ముందు నుంచి పన్నెండు కొట్టేదాకా కదల్లేదు. చిన్న బొమ్మ బయటికొచ్చి గంటలు కొట్టి లోపలికి పోతుంది. పదకొండుసార్లు కొట్టడం చూసిన మనిషి పన్నెండుసార్లు కొట్టడం కూడా చూడాలన్నాడు. క్యాషియరు కదా, లెక్క సరిపోయిందో లేదో చూసుకోవాలి. చెల్లెమ్మ ముసుగు రెబెక్కా బొమ్మ చుట్టూ మూడుసార్లు తిరిగింది. ఇటలీ శిల్పి బెంజోనీ చెక్కింది. పాలరాతిలో మేలిముసుగు, దాని వెనక ముఖం, రెండూ కనిపిస్తాయి. "రాయిని ఇంత పల్చగా ఎట్లా చేశారన్నయ్యా" అని నన్నడిగింది. నాకేం తెలుసు!

ఈ కాళ్ళనొప్పులు మనకొక్కరికే కాదట. అమెరికాలో బోస్టన్ మ్యూజియంలో పనిచేసిన గిల్మన్ అనే ఆయన 1916లోనే దీని మీద వ్యాసం రాశాడు. దానికి మ్యూజియం అలసట అని పేరు పెట్టాడు. ఒక మనిషిని మ్యూజియంలో తిప్పుతూ, అద్దాల బీరువాల్లో వస్తువులు చూడ్డానికి అతను ఎక్కడ వంగుతున్నాడో, ఎక్కడ గొంతుక్కూర్చుంటున్నాడో ఫొటోలు తీయించాడు. నడక కంటే ఈ వంగడం, నిలబడిపోవడం మనిషిని ఎక్కువ అలసగొడతాయని చూపించాడు. మనలో మోకాళ్ళ నొప్పులున్న వాళ్ళకు ఈ సంగతి ఫొటోలు లేకుండానే తెలుసు. మేడం ఈ వ్యాసం గురించి చెప్పాక మేం మడత స్టూళ్ళు రెండు కొన్నాం. గేటు దగ్గర అడిగితే చాలాచోట్ల పెద్దవాళ్ళకు కాదనరు. పూటకు ఒక్క మ్యూజియం. గంటకోసారి పది నిమిషాలు కూర్చోవాలి. బావకు షుగరు కాబట్టి పదకొండున్నరకు బిస్కెట్టు, అదీ బయటికి వచ్చి.

ఆ శనివారం సాయంత్రం టీ తాగుతుంటే మా దఫ్తరీ తమ్ముడు ఒక ప్రశ్న వేశాడు. "సారూ, రాజులవీ నవాబులవీ చూశాం. మావి ఎక్కడన్నా పెట్టారా?"

అతను కోయవాడు. హైదరాబాదులోనే మాసబ్ ట్యాంక్ దగ్గర నెహ్రూ శతజయంతి గిరిజన మ్యూజియం ఉందని మేడం చెప్పారు. రైలుకు టైముండటంతో మర్నాడు పొద్దున అక్కడికీ వెళ్ళొచ్చాం. శ్రద్ధగా చూశాడు. బయటికొచ్చాక "బాగుంది సారూ. కానీ మాది అవతలి వైపు" అన్నాడు.

అవతలి వైపు అంటే ఏమిటో చెప్పాలంటే 2021 ఏప్రిల్‌కు వెళ్ళాలి. నాకు రిటైర్మెంటు ఇంకో నెలన్నర ఉంది. కరోనా రోజులు, అందరికీ మాస్కులు. ఒకరోజు పొద్దున బ్రాంచికి వచ్చిన ఖాతాదారులంతా ఒకటే మాట. బీజాపూర్ జిల్లాలో తర్రెం దగ్గర అడవిలో ఎదురుకాల్పులు, 22 మంది జవాన్లు చనిపోయారని. పేపర్లలో, టీవీల్లో తర్రెం, తర్రెం. ఇతను వోచర్లు కట్ట కడుతున్నాడు. కట్టడం ఆపి, "మాది ఆ ఊరే సారూ" అన్నాడు. అంతే. మళ్ళీ దారం చుట్టుకున్నాడు.

మూడు బ్రాంచీల్లో కలిసి పనిచేశాం. అతని ఎల్.ఎఫ్.సి. బిల్లులు నేనే పాస్ చేశాను. హోమ్ టౌన్ దగ్గర చర్ల అని ఉండేది. తర్రెంలో పుట్టి, ఏడేళ్ళ వయసులో తల్లిదండ్రులతో అడవి దాటి చర్ల వైపు వచ్చాడట. ఆశ్రమ పాఠశాలలో చదువుకుని మన బ్యాంకులో చేరాడు. అమ్మానాన్న ఉన్నంతకాలం మాటల్లో ఊరు ఉండేదట. తర్వాత ఆ దారిన పోయే పరిస్థితి లేక ఎవరూ పోలేదు. బాసగూడ నుంచి జగర్‌గుండ వైపు పోయే దారి ఏళ్ళ తరబడి మూసుకుపోయింది. నేను ఎప్పుడూ అడగలేదు, అతను ఎప్పుడూ చెప్పలేదు.

కాబట్టి రెండో ప్రయాణం ఎక్కడికి అన్నప్పుడు మేడం తడుముకోకుండా జగదల్‌పూర్ అన్నారు. బస్తర్ జిల్లా కేంద్రం. అక్కడ ధరంపురాలో భారత మానవశాస్త్ర సర్వే వాళ్ళ మ్యూజియం 1972 నుంచి ఉంది. బస్తర్‌లోని తెగల వస్తువులు చూడాలంటే అంతకంటే మంచి చోటు ఉండదు. భద్రాచలం నుంచి చింతూరు, కుంట, సుక్మా మీదుగా ముప్పయ్యో నంబరు జాతీయ రహదారి నేరుగా జగదల్‌పూర్ పోతుంది. రెండు వందల యాభై కిలోమీటర్ల పైచిలుకు. కోస్తా వైపు మిత్రులకు ఇంకా సుఖమైన దారి ఉంది. విశాఖపట్నం నుంచి కిరందుల్ పోయే రైలు. అరకు లోయ, సొరంగాలు, కోరాపుట్ చూసుకుంటూ పొద్దున ఎక్కితే సాయంత్రానికి జగదల్‌పూర్. బైలదిల్లా ఇనుప ఖనిజం విశాఖ రేవుకు చేర్చడానికి వేసిన లైను అది. ఆ రైలు ప్రయాణమే సగం మ్యూజియం.

2024 నవంబరు చివరి వారం పెట్టుకున్నాం. ఎందుకంటే నవంబరులో లైఫ్ సర్టిఫికెట్లు ఇచ్చేస్తాం కదా. బ్రతికే ఉన్నామని బ్యాంకుకు రుజువు చూపించాక ఇంక నిశ్చింతగా తిరగొచ్చని బావ అన్నాడు. చలి మొదలవుతుంది, ఎండ ఉండదు. మ్యూజియం ప్రభుత్వ కార్యాలయం ఆవరణలో ఉంది కాబట్టి శనాదివారాలు వద్దనుకుని వారం మధ్యలో పెట్టాం. ముందు రోజు ఫోను చేశాం. ఈసారి నేనే చేశాను, రెండుసార్లు.

అసలు కష్టం పిల్లల దగ్గర వచ్చింది. బస్తర్ అనేసరికి అందరి పిల్లలూ ఒక్కటయ్యారు. మా అమ్మాయి బెంగళూరు నుంచి ఫోను చేసి "నాన్నా, ఊటీకి మ్యూజియం లేదా?" అంది. దఫ్తరీ కొడుకు టీచరు, నెమ్మదస్తుడు. అతను మాత్రం నాతో విడిగా మాట్లాడాడు. "జగదల్‌పూర్ వరకు పర్లేదు సార్. కానీ ఊరు చూద్దామంటాడు. ఒప్పుకోనని మాటివ్వండి." ఇచ్చాను. వాళ్ళమ్మ కూడా గడప దగ్గర నిలబడి వింటోంది. ఆవిడకూ ఇచ్చాను. అందరి ఫోన్లలో మేం ఎక్కడున్నామో కనిపించేలా పెట్టించుకున్నారు. పగలే వెళ్ళాలి, పగలే రావాలి, చీకటి పడకముందే కుంట దాటాలి అని షరతు. సబబైన షరతే. ఘాటు రోడ్లలో రాత్రి ప్రయాణం ఏ వయసులోనూ మంచిది కాదు.

బస గురించి చెల్లెమ్మ చెప్పిన మాటలు రాసుకోండి. గది ఎంత బాగుంది, ఏసీ ఉందా లేదా అని మగవాళ్ళు అడుగుతారు. అడగాల్సింది అది కాదు. గది కింద ఉందా, లేకపోతే లిఫ్టు ఉందా. కుర్చీలా కూర్చునే కమోడు ఉందా. బాత్రూముకు మెట్టు ఉందా. రాత్రి కరెంటు పోతే ఏం చేస్తారు. వేడినీళ్ళు ఎన్ని గంటలకు వస్తాయి. ఈ ప్రశ్నలు ఆవిడే ఫోనులో అడిగింది, వచ్చీరాని హిందీలో. మేం ఐదుగురం రెండు గదులు తీసుకున్నాం. ఆడవాళ్ళిద్దరూ ఒకటి, మేం ముగ్గురం ఒకటి. బావ గురక గురించి ఇక్కడ చెప్పను, ఆయన మూడో వరసలో కూర్చున్నాడు.

ఖర్చు విషయంలో ఒక్క మాట. ముందే తలా ఇంత అని ఒక సంచీలో వేసి బావ చేతికిచ్చాం. ఎవరు ఎక్కడ ఎంత పెట్టారన్న గొడవ లేదు. రాత్రి పడుకోబోయే ముందు ఆయన డే బుక్ టాలీ చేసి చదివి వినిపించాడు. ఇరవై రూపాయలు తేడా వస్తే పదకొండు గంటలదాకా పడుకోనివ్వలేదు. పోహా తిన్నచోట ఇచ్చిన టిప్పు అది.

పొద్దున ఐదున్నరకు భద్రాచలంలో కారెక్కాం. మధ్యాహ్నానికి జగదల్‌పూర్. భోంచేసి గంటన్నర పడుకున్నాం. ఈ పడక ప్లానులో రాసి ఉండాలి. రాయకపోతే ఎవరో ఒకరు "ఇంత దూరం వచ్చి పడుకోవడమేమిటి" అంటారు, మిగతావాళ్ళు మొహమాటపడి లేస్తారు, సాయంత్రానికి అందరికీ బి.పి. పెరుగుతుంది.

మూడున్నరకు జిల్లా పురావస్తు మ్యూజియం. అది నా కోసం. మనలో చాలామందికి తెలియదు కానీ బస్తర్‌కూ మనకూ పాత బంధుత్వం ఉంది. 1323లో ఓరుగల్లు ఢిల్లీ సుల్తానుల చేతికి పోయాక ప్రతాపరుద్రుడి తమ్ముడు అన్నమదేవుడు ఈ అడవుల్లోకి వచ్చి రాజ్యం పెట్టాడని బస్తర్ రాజవంశం చెప్పుకుంటుంది. వాళ్ళు కాకతీయులమనే అనుకుంటారు. అంతకు ముందు ఏలిన నాగవంశపు రాజుల శాసనాల్లో తెలుగువి కూడా ఉన్నాయి. బారసూరు, దంతెవాడ వైపు దొరికాయి. నేను రాళ్ళ ముందు స్టూలు వేసుకుని గంట కూర్చున్నాను. తమ్ముడు పక్కనే నిలబడి, "రాజులు ఓరుగల్లు నుంచి ఇటొచ్చారు, మేం ఇటు నుంచి అటొచ్చాం" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు.

సాయంత్రం రాజభవనం ముందు నుంచి నడిచి, దంతేశ్వరి గుడిలో దండం పెట్టుకున్నాం. డెబ్బై ఐదు రోజులు జరిగే బస్తర్ దసరా ఈ అమ్మవారిదే. ఆ రాజభవనంలోనే 1966 మార్చి 25న రాజు ప్రవీర్ చంద్ర భంజ్ దేవ్ పోలీసు కాల్పుల్లో చనిపోయాడు. తమ్ముడికి అప్పటికి నాలుగేళ్ళు. ఆ కబురు ఊళ్ళోకి వచ్చిన రోజు వాళ్ళ నాన్న అన్నం తినలేదని అమ్మ చెప్పేదట.

మర్నాడు పొద్దున పోహా, జిలేబీ తిని, తలుపులు తీసే వేళకు మానవశాస్త్ర మ్యూజియం చేరాం. నా ప్లాను ప్రకారం గంటన్నర. తర్వాత భోజనం, ఒంటిగంటకు తిరుగు ప్రయాణం. కుదిరితే చిత్రకూట్ జలపాతం కూడా పెడదామా అని బావ అడిగాడు. ఊరికి నలభై కిలోమీటర్ల లోపే. మేడం ఒప్పుకోలేదు. "జలపాతం చూడాలంటే జలపాతానికి రండి, మ్యూజియానికి వచ్చి జలపాతం అనకండి" అన్నారు.

లోపల నగలు, ముసుగులు, వాయిద్యాలు, ఆయుధాలు, తలపాగాలు. మారియా వాళ్ళు నాట్యానికి కట్టుకునే అడవిదున్న కొమ్ముల తలపాగా చూసి చెల్లెమ్మ చాలాసేపు మెచ్చుకుంది. నేను ఒక్కొక్క వస్తువు దగ్గర అరనిమిషం చొప్పున చూసుకుంటూ, బ్యాలెన్సు షీటు తిరగేసినట్టు తిరగేసి చివరికొచ్చేశాను. వెనక్కి చూస్తే తమ్ముడు లేడు.

ఒక అద్దం ముందు నిలబడి ఉన్నాడు. లోపల సొరకాయ బుర్ర. ఎండబెట్టి, గింజలు తీసి, జావకో నీళ్ళకో వాడే బుర్ర. మన ఏజెన్సీ ఊళ్ళకు ఇన్‌స్పెక్షనుకు వెళ్ళిన ఫీల్డ్ ఆఫీసర్లందరూ చూసే ఉంటారు. పొలానికి పోయేవాళ్ళ భుజాన వేలాడుతూ ఉండేది.

"మా అమ్మ దీన్ని అడ్డనారతో కట్టేది" అన్నాడు. "మెడ దగ్గర మూడు చుట్లు. నాన్నది రెండు చుట్లు. ఎవరి బుర్ర ఎవరిదో చీకట్లో తడిమి తెలుసుకునేవాళ్ళం."

నేను స్టూలు తెచ్చి వేశాను. కూర్చోలేదు. తర్వాత మేడం వచ్చారు. ఆవిడ అడగడం మొదలుపెట్టారు. కాయ ఎప్పుడు కోస్తారు, చేదు పోవడానికి ఏం చేస్తారు, పగిలితే ఏం చేస్తారు. లోన్ అప్లికేషనుకు వివరాలు అడిగినట్టు ఒక్కొక్కటీ. అతను ఒక్కొక్కటీ చెప్పాడు. నీళ్ళు నింపి కుళ్ళబెట్టి లోపలిది కడిగేయడం, పొయ్యి పైన పొగకు వేలాడదీయడం. పక్క అద్దంలో చేపలు పట్టే వెదురు బుట్ట ఉంటే, దాన్ని తాలిపేరు వాగులో ఏ వైపుకు నోరు పెట్టి వేస్తారో చెప్పాడు. ఆకుల గిడుగు చూపించి, వానలో దాన్ని వీపు మీద వేసుకుని నాటు వేసేటప్పుడు చినుకుల చప్పుడు ఎంత గట్టిగా ఉంటుందో చెప్పాడు. అన్నీ ఏడేళ్ళ లోపు చూసినవి. ముప్పై ఏడేళ్ళు నా ఎదురుగా వోచర్లు కుట్టిన మనిషి ఇంతసేపు మాట్లాడగా నేను ఎప్పుడూ వినలేదు.

మేడం దగ్గర చిన్న నోటుబుక్కు ఉంటుంది. మ్యూజియంలో ఎవరు దేని దగ్గర ఎంతసేపు ఉన్నారో సరదాకు రాసుకుంటారు. ఆ రోజు దాంట్లో నా పేరు పక్కన మొత్తం ముప్పై ఐదు నిమిషాలు. తమ్ముడి పేరు పక్కన ఒక్క బుర్ర దగ్గరే నలభై.

బయటికొస్తే ఆవరణలో ఒకామె ఊడుస్తోంది. ఆమె ఎవరితోనో ఫోనులో మాట్లాడుతున్న మాట వినగానే ఇతను ఆగిపోయాడు. బీజాపూర్ వైపు మాట అది. కోయలో పలకరించాడు. ఇద్దరి మాటల్లో తేడాలున్నట్టున్నాయి, ఒక్కోసారి ఆమె నవ్వేది, ఒక్కోసారి ఇతను మళ్ళీ చెప్పేవాడు. అరగంట గడిచింది. బావ వాచీ చూసుకుని నావైపు చూశాడు. మేడం బావ వైపు చూశారు. బావ వాచీ చొక్కా చెయ్యి కిందకి లాగేసుకున్నాడు.

కారెక్కాక చెప్పాడు. ఆమెది ఆవపల్లి దగ్గర పల్లె. బాసగూడ నుంచి తర్రెం మీదుగా రోడ్డు పడిందట. బళ్ళు తిరుగుతున్నాయట.

భోజనమయ్యేసరికి రెండు దాటింది. ఊరు దాటే చోట రోడ్లు చీలతాయి. ఒకటి సుక్మా వైపు, అది మాది. ఇంకోటి గీదం వైపు. డ్రైవరు తిరగబోతుంటే తమ్ముడు కిటికీలోంచి చూస్తూ, స్టేషన్ల పేర్లు చదివినట్టు చదివాడు. "ఈ దారిన పోతే గీదం. తర్వాత బీజాపూర్. ఆవపల్లి. బాసగూడ. తర్వాత మా ఊరు."

డ్రైవరు బండి నెమ్మది చేశాడు. ఎవరూ మాట్లాడలేదు. నేను ప్లాను వేసినవాణ్ణి, మాటిచ్చినవాణ్ణి. "ఈసారి కాదు తమ్ముడూ" అన్నాను.

"తెలుసు సారూ. ఊరికే చెప్పాను" అన్నాడు.

సుక్మా దాటేదాకా కారులో మాటల్లేవు. కుంట చేరేసరికి చీకటి పడిపోయింది. నలుగురి ఇళ్ళ నుంచీ ఫోన్లు. "నా వల్ల ఆలస్యమైంది" అని అతను అంటే, బావ "నీ వల్ల కాదులే, ఆ జిలేబీ వల్ల. రెండో ప్లేటు నేనే చెప్పాను" అన్నాడు.

అతని కొడుకుకు ఇచ్చిన మాట నిలబెట్టుకున్నాను. దాని గురించి నాకు విచారం లేదు. ఒక రాత్రి ప్రయాణంలో అది కుదిరేదీ కాదు. జగదల్‌పూర్ నుంచి బీజాపూరే నూట అరవై కిలోమీటర్లు, అక్కడి నుంచి తర్రెం ఇంకో అరవై దాకా. ఐదుగురు ముసలివాళ్ళను వేసుకుని చీకట్లో తిరిగే దూరం కాదు. నాకు ఇప్పటికీ గుచ్చుకునేది వేరే. ప్రయాణం ఎవరి కోసం వేశామో ఆ మనిషిని ఒక్కసారి కూర్చోబెట్టి నీకేం చూడాలనుంది, ఎంతసేపు చూడాలనుంది అని నేను అడగలేదు. వాళ్ళబ్బాయిని అడిగాను, మ్యూజియం వాళ్ళను రెండుసార్లు అడిగాను, లాడ్జి వాళ్ళను కమోడు గురించి అడిగాను. అతను ఏం చెప్తాడో నాకు ముందే తెలుసనుకున్నాను.

తిరిగొచ్చాక మేడం మా పద్ధతి మార్చేశారు. ఇప్పుడు ప్రయాణానికి నెల ముందు అందరం ఒకరింట్లో కూర్చుంటాం. ఒక్కొక్కరూ చూడాలనుకున్నది ఒక్కటి చెప్పాలి. ఆ ఒక్కదానికి ఎంతసేపు పట్టినా ఎవరూ వాచీ చూడకూడదు. మిగతావి దొరికితే దొరికినట్టు. మొన్న విజయవాడ బాపు మ్యూజియానికి వెళ్ళినప్పుడు అలాగే చేశాం. పింగళి వెంకయ్య గారు గాంధీగారికి జెండా చూపించింది 1921లో ఆ ప్రాంగణంలోనే కదా, బావ అది చూస్తానన్నాడు. గంట సేపు అక్కడే కూర్చున్నాడు. మేం అప్పటికి అన్నీ చూసేసి బయట చెరుకురసం తాగుతున్నాం. ఎవరికీ కోపం రాలేదు.

ఇక తర్రెం సంగతి. తమ్ముడి కొడుకే మొన్న నాకు ఫోను చేశాడు. వాళ్ళ నాన్న ఇంట్లో సొరపాదు పెట్టాడట, కాయ ముదరబెడుతున్నాడట. "నేను కూడా వస్తే పర్లేదా సార్?" అని అడిగాడు. పర్లేదన్నాను. ఫిబ్రవరిలో అనుకుంటున్నాం, ఎండలు ముదరకముందు. రెండు రాత్రులు బీజాపూర్‌లో. మధ్య రోజు పొద్దున్నే బయలుదేరి బాసగూడ మీదుగా వెళ్ళి, మధ్యాహ్నానికల్లా వెనక్కి వచ్చేయాలి. వెళ్ళే ముందు అక్కడి పోలీసు స్టేషనులో కనుక్కోవాలి. అక్కడ చూడ్డానికి మ్యూజియమేమీ లేదు కదా అని మా బావకు చిన్న అనుమానం. అయినా వస్తానన్నాడు, సంచీ ఆయన దగ్గరే ఉంది మరి.

బీజాపూర్‌లో గదులు ఎలా ఉంటాయో మాకు తెలియదు. ఇక్కడున్న వాళ్ళలో గీదం గానీ బీజాపూర్ గానీ వైపు డిప్యుటేషన్ మీద వెళ్ళొచ్చిన వాళ్ళెవరైనా ఉంటే, లేదా మీ పిల్లలెవరైనా ఇప్పుడు ఆ వైపు బ్రాంచీల్లో పనిచేస్తుంటే, భోజనాల దగ్గర ఒకసారి నన్ను కలవండి. కింద గది కావాలి. కమోడు ఉండాలి. మేం ఆరుగురం.